బాలమురళీకృష్ణగారి చలనచిత్ర సంగీతము

మంగళంపల్లి బాలమురళీకృష్ణగారి గానమును మేము కచేరీ పందిళ్లలో కంటె ముందుగా రేడియో పెట్టె చెంతనే వింటిమి. ఉదయమున విజయవాడ కేంద్రమునుండి భక్తిరంజని వచ్చువేళ ఆ కంఠము వినబడినచో వంటింటిలో గిన్నెల చప్పుడు సైతము సద్దుమణిగెడిది. అందువలననే వారు చలనచిత్రములకు పాడుచున్నారని తెలిసినప్పుడు మాలో కొందరము నొచ్చుకొంటిమి. త్యాగరాజస్వామి శిష్యపరంపరలోని విద్వాంసునకు సినిమాతో పనియేమని మా ఆక్షేపణ.

విద్యలో వారికి కొదువ లేదు. 1930లో తూర్పుగోదావరి జిల్లా శంకరగుప్తమున జన్మించి, పారుపల్లి రామకృష్ణయ్య పంతులుగారి శిష్యులై, 72 మేళకర్తలయందును కృతులు రచించిరి. నాలుగే స్వరములతో మహతి, లవంగి అను రాగములను కల్పించినప్పుడు పండితులలో పెద్ద వాదమే చెలరేగెను. ఆ వాదమును తేల్చుట మా తరము కాదు.

1963లో ‘నర్తనశాల’కు పాడిరి. 1967లో ‘భక్తప్రహ్లాద’లో నారదుడై తెరపైననే కనబడిరి. ఈ రెంటికంటె మాకు విశేషముగా తోచునది 1965 నాటి తమిళచిత్రము ‘తిరువిళైయాడల్’. అందు పాండ్యుని సభకు సవాలు విసరు గర్విష్ఠియైన గాయకునకు వీరు కంఠమిచ్చిరి. గర్వమును అభినయించుట నటునకు సాధ్యమే. కాని ఆ గర్వమునకు తగిన విద్య గొంతులో పలుకవలెను గదా!

తరువాతిది వేరు బాట. కన్నడదేశమున జి.వి. అయ్యరుగారు చాలకాలము వ్యాపారచిత్రములలో పనిచేసి, ఆ మార్గము విడిచి, 1975లో ‘హంసగీతె’ తీసిరి. త.రా. సుబ్బరావుగారి నవల దానికి ఆధారము. చిత్రదుర్గమునకు చెందిన ఒక విద్వాంసుని కథ. సామాన్యముగా సినిమాలో పాట వచ్చినచో కథ ఆగును. ఇచ్చట సంగీతమే కథ. అనంతనాగ్ నటింపగా బాలమురళిగారు పాడిరి. ఉత్తమగాయకునిగా జాతీయ పురస్కారము వచ్చెను. 1983లో అయ్యరుగారే సంస్కృతభాషలో మొట్టమొదటి చలనచిత్రముగా ‘ఆదిశంకరాచార్య’ను తీయగా దానికి సంగీతము కూర్చిరి, 1986 నాటి ‘మధ్వాచార్య’కు సంగీతదర్శకునిగా మరల జాతీయ పురస్కారమును పొందిరి.

ఇక మా ఆక్షేపణ సంగతి. కచేరీలో రాగమునకు లభించు తీరిక సినిమాపాటలో దొరకదు. ఆ లోపము నేటికిని మాకు లోపముగనే తోచుచున్నది. కాని అయ్యరుగారి చిత్రములకు పనిచేయుటకై విద్వాంసుడు తన విద్యను తగ్గించుకొనవలసిన అవసరము లేకపోయెను. ఆ విద్య కొరకే వారిని పిలిచిరి. ఈ భేదమును మేము ఆలస్యముగా గ్రహించితిమి.

2016 నవంబరు 22న వారు చెన్నైలో కన్నుమూసిరి. ‘హంసగీతె’ చూచు అవకాశము కలిగినవారు, ఒక పాట వచ్చినప్పుడైనను కన్నులు మూసికొని వినుడు. తెరపై ముఖము అనంతనాగ్‌ది; వినబడునది మన ఉదయపు రేడియో పెట్టెలోని ఆ గొంతే.