మాన్సా గొంతులు: పంజాబీ పాటలో పల్లె మగవాడు



ఎవరి పేరిట ఈ ఉపన్యాసం జరుగుతోందో ఆ మాస్టారు పల్లెపాట ఒకటి దొరికితే చాలు, పాట రాసుకోకముందే మూడు సంగతులు రాసుకునేవారని ఆయన శిష్యులు చెబుతారు. ఎవరు పాడారు, ఎవరి గొప్ప పాడారు, పాడినందుకు ఎవరు ఏమిచ్చారు. ఆ మూడు ప్రశ్నలూ వెంటబెట్టుకుని ఈ సాయంత్రం పంజాబు వెళ్దాం.

అంత దూరం ఎందుకనుకోవద్దు. పంజాబీ గొంతు మన గడప ఎప్పుడో తొక్కింది. బాహుబలి రెండో భాగంలో 'సాహోరే బాహుబలి' పాటకు గొంతిచ్చినవాళ్లలో దలేర్ మెహందీ ఒకరు. 2024 నవంబరు 15న పంజాబీ పాప్ గాయకుడు దిల్జీత్ దోసాంఝ్ హైదరాబాదులో కచేరీ పెట్టుకుంటే, మద్యాన్నీ మత్తుమందులనీ హింసనీ పొగిడే పాటలు పాడవద్దని తెలంగాణ అధికారులు ముందుగానే నోటీసు పంపారు. ఆయన పాటలు మానలేదు. మద్యం మాట వచ్చిన చోట కూల్‌డ్రింకు పేరు పెట్టి పాడేశారు.

ఆ నోటీసు ఇవ్వడం తప్పని నేననను. పిల్లలు వినే చోట ఆ జాగ్రత్త ఉండాల్సిందే. కానీ చేతిలో సీసా తీసేసినంత మాత్రాన పాటలోని మనిషి మారడు. పొలాలున్నవాడు, ట్రాక్టరున్నవాడు, తుపాకీ ఉన్నవాడు, పగబడితే వదలనివాడు, స్నేహానికి ప్రాణమిచ్చేవాడు, ఆడపిల్ల ఎటు చూసినా తనవైపే చూస్తోందనుకునేవాడు. పంజాబీ పాప్‌లో చాలావరకు కథానాయకుడు ఇతడే. అతని కులం పేరు కూడా పాటలోనే ఉంటుంది. జాట్. పంజాబులో భూమి ఉన్న రైతు కులం అది.

మాస్టారి మొదటి ప్రశ్న ఇక్కడే మనల్ని ఆపుతుంది. పాత పంజాబులో జాట్ రైతు తన గొప్ప తాను పాడుకునేవాడు కాదు. డబ్బు తీసుకుని పాడటం అతనికి తక్కువతనం. అతని వంశం పేర్లు వరసగా అప్పజెప్పి, పెళ్లిలో పొగిడి, ధాన్యమో పశువో పుచ్చుకునేవాళ్లు మిరాసీలు. మన పిచ్చుగుంట్లవాళ్లు రెడ్ల గోత్రాలు చెప్పి సంభావన పుచ్చుకున్నట్టే. జాట్ వీరుల గాథలను ఊరూరా మోగించిన కుల్దీప్ మాణక్ ముస్లిం గాయకుల ఇంట లతీఫ్ మహమ్మద్‌గా పుట్టినవాడు. అంటే పొలం ఉన్నవాడి పౌరుషానికి గొంతు ఇచ్చింది పొలం లేనివాడు. ఆ గొంతుకు పేరొచ్చింది గానీ ఆ ఊళ్లో సమానమైన పీట మాత్రం రాలేదు.

1980లలో ఈ ఏర్పాటులోంచే చమ్కీలా వచ్చాడు. లూథియానా పక్కన దుగ్రీలో దళిత కుటుంబంలో 1960లో పుట్టాడు. అసలు పేరు ధనీరామ్. బట్టల మిల్లులో పనిచేశాడు. తుంబీ అనే ఒంటితీగ వాద్యం పట్టుకుని అమర్‌జోత్ కౌర్‌తో జంటగా పాడటం మొదలుపెట్టాక పంజాబులో పెళ్లి ముహూర్తాలు అతని తేదీలను బట్టి కుదుర్చుకునేవాళ్లని చెప్పుకుంటారు. అప్పటి పెళ్లిళ్లలో రెండు నులకమంచాలు డాబా మీద నిలబెట్టి, ఒకదానికొకటి ఆనించి కట్టి, వాటి మీద లౌడ్‌స్పీకరు బిగించేవాళ్లు. పాట ఊరు దాటి పక్క పొలాల్లోకి పోయేది. కింద అఖాడా, అంటే మగవాళ్లు కూర్చుని వినే పాటల సభ; పక్క ఇళ్ల డాబాల మీద ఆడవాళ్లు.

అతని పాటల్లో బూతు ఉంది. దాచాల్సిన పనిలేదు. కానీ ఆ జంటపాటల్లో ఇంకొకటి కూడా ఉంది, దాని గురించి ఎవరూ తగినంత మాట్లాడరు. ఆడగొంతు జవాబు చెప్పేది. మరిదిని దెప్పేది, తాగి వచ్చిన మొగుణ్ని నలుగురిలో నిలబెట్టి కడిగేది. చమ్కీలాకు ముందు మహమ్మద్ సాదిఖ్, రంజీత్ కౌర్ జంట కూడా అలాగే పాడారు. మగవాడు ఎంత డాబు కొట్టినా ఆ మాట కింద పడకముందే పక్కన నిలబడ్డ ఆడమనిషి అందుకుని తిప్పికొట్టేది. పెళ్లిళ్లలో వియ్యాలవారిని ఏకిపారేసే సిఠ్ణీలు పాడే ఆడవాళ్ల సంప్రదాయం అక్కడ బలంగా ఉంది. జంటపాట ఆ చనువును వేదిక ఎక్కించింది.

1988 మార్చి 8న మెహసంపూర్‌లో కచేరీకి వచ్చి కారు దిగుతుండగా చమ్కీలానూ అమర్‌జోత్‌నూ బృందంలో మరో ఇద్దరినీ కాల్చి చంపారు. ఎవరు చంపారో ఈనాటికీ తేలలేదు.

ఆ తర్వాత క్యాసెట్టు పోయి వీడియో వచ్చింది. నిలబడి జవాబు చెప్పే ఆడమనిషి పోయి, కారు పక్కన నిలబడి కెమెరాకేసి చూసే అమ్మాయి వచ్చింది. ఆమెకు నోరు లేదు. నన్నడిగితే పంజాబీ పాటలో మగతనం వికటించింది తుపాకీ వచ్చినప్పుడు కాదు, ఆడగొంతు పోయినప్పుడు. ఎదురు చెప్పేవాళ్లు లేని డాబుకు హద్దు ఉండదు.

అదే కాలంలో పాడేవాళ్లూ మారారు. విదేశాల్లో పేరు, కార్లు, కోట్లు కనబడ్డాక పాడటం తక్కువతనం కాకుండా పోయింది. జాట్ కుర్రాళ్లే మైకు అందుకున్నారు. ఎవరి గొప్పో పాడి పొట్ట పోసుకునే పద్ధతి పోయి, తన గొప్ప తానే పాడుకునే పద్ధతి వచ్చింది.

ఇంతకీ ఆ గొప్ప ఏ స్థితిలో ఉంది? హరిత విప్లవం 1960ల చివర్లో పంజాబు రైతును దేశానికి అన్నదాతను చేసింది. ట్రాక్టరు, బోరు, గోధుమ, వరి, మండీలో మద్దతు ధర. ఒక తరం నిజంగానే మీసం దువ్వింది, దువ్వుకునే హక్కూ ఉంది. ఆ తరం కొడుకుల నాటికి భూమి అన్నదమ్ముల మధ్య ముక్కలైంది, నీళ్లు పాతాళానికి దిగాయి, అప్పు పెరిగింది. వరి నాట్లకు బీహారు, ఉత్తరప్రదేశ్ కూలీలు వస్తారు. చదువుకున్న జాట్ కుర్రాడికి పొలంలో దిగటం నామోషీ, ఊళ్లో ఉద్యోగం లేదు. మిగిలింది ఐఈఎల్‌టీఎస్ అనే ఇంగ్లీషు పరీక్ష, కెనడా వీసా. జలంధర్ దగ్గర తల్హన్ గురుద్వారాలో వీసా కోసం బొమ్మ విమానాలు మొక్కుగా సమర్పించేవారు. ఎకరం రెండెకరాలు అమ్మి కొడుకును కెనడాలోని బ్రాంప్టన్ పంపుతారు. అక్కడ ట్రక్కు తోలుతూ, గిడ్డంగిలో రాత్రి షిఫ్టు చేస్తూ ఆ కొడుకు వినే పాటలో మాత్రం అతను ఊరికి పెద్ద, పొలానికి యజమాని. పట్టు జారిపోతున్న కొద్దీ పాట గట్టిగా మోగుతోంది. వాళ్లను వెక్కిరించాలని ఈ మాట అనటం లేదు. భూమి పోయినవాడి బాధ పత్తి వేసిన తెలుగువాళ్లకు ఒకరు చెప్పాలా?

గాయకుడు సిద్ధూ మూసేవాలా సరిగ్గా ఈ కుర్రాడే. 1993లో మాన్సా జిల్లా మూసా గ్రామంలో పుట్టాడు. లూథియానాలో ఇంజనీరింగ్ చదివి కెనడా వెళ్లాడు. 2017లో పాటలు మొదలుపెట్టి నాలుగైదేళ్లలో లండన్ నుంచి లాహోర్ దాకా మోగాడు. కానీ అందరిలా అక్కడే ఉండిపోలేదు. తిరిగి మూసా వచ్చి ఇల్లు కట్టాడు. తల్లి అప్పట్లో ఆ ఊరి సర్పంచి. తలపాగా, కుర్తా, వెనకాల అమెరికా నల్లజాతి రాప్ దరువు, ముందు ట్రాక్టరు.

ఆ ట్రాక్టరు దగ్గర కాసేపు ఆగాలి. అది హెచ్ఎంటీ 5911. పింజోర్‌లోని ప్రభుత్వ కర్మాగారంలో తయారైన బండి. మాన్సా ఉన్న మాల్వా ప్రాంతపు పల్లెల్లో ఆ నంబరు చెబితే చాలు, కంపెనీ పేరు అక్కర్లేదు. ఆ కర్మాగారం మూసేయాలని కేంద్రం 2016లో నిర్ణయించింది. కొత్తది దొరకని ఆ బండికి రంగులు వేయించి, పెద్ద స్పీకర్లు పెట్టించి అతను వీడియోల్లోకి తెచ్చాడు. తండ్రుల తరం నిలదొక్కుకున్న రోజులకు ఆ యంత్రం గుర్తు. వేల రూపాయల షూలు, విదేశీ కార్లు ఎన్ని చూపించినా పల్లె కుర్రాళ్ల గుండె పట్టుకున్నది 5911.

తుపాకీ కూడా పాట దాటి బయటికొచ్చింది. 2020లో ఫైరింగ్ రేంజ్‌లో ఏకే-47 కాల్చిన వీడియో బయటపడి అతని మీద కేసులు పడ్డాయి. దాని మీద కూడా పాట కట్టాడు. 2022లో మాన్సా నుంచి కాంగ్రెస్ అభ్యర్థిగా నిలబడి అరవై వేల పైచిలుకు ఓట్ల తేడాతో ఓడిపోయాడు. పాటకు ఊగిన చేతులన్నీ ఓటు వేయలేదు. అదే ఏడాది మే 29న, ప్రభుత్వం భద్రత తగ్గించిన మర్నాడే, జవాహర్కే గ్రామంలో బండి ఆపి అతన్ని కాల్చేశారు. అతనికి ఇంకా 29 ఏళ్లు నిండలేదు. అంతిమయాత్ర ఆ 5911 మీదే సాగింది. సొంత పొలంలోనే దహనం చేశారు. జూన్‌లో విడుదలైన అతని పాట సట్లెజ్-యమున కాలువ గురించి, పంజాబు నీళ్ల గురించి. కొన్ని రోజుల్లోనే దాన్ని మన దేశంలో యూట్యూబ్‌లో కనబడకుండా చేశారు. బతికి ఉంటే పాట ఎటు తిరిగేదో ఆ నీళ్ల పాట వింటే ఊహ అందుతుంది. ఆ పిల్లవాణ్ని తలచుకుంటే నాకు బాధే తప్ప కోపం రాదు.

ఇప్పుడు మాన్సా జిల్లాలోనే ఇంకో ఊరు. బుర్జ్ ఝబ్బర్. అక్కడ బంత్ సింగ్ అనే దళిత వ్యవసాయ కూలీ, కూలీ సంఘం నాయకుడు, పాటగాడు. తన కూతురిపై జరిగిన అత్యాచారం మీద కోర్టుకెక్కి దోషులకు జీవిత ఖైదు పడేదాకా నిలబడ్డాడు. 2006 జనవరిలో అతన్ని పొలాల్లో దారికాసి ఇనుప రాడ్లతో కొట్టారు. రెండు చేతులూ ఒక కాలూ తీసేయాల్సి వచ్చింది. ఆసుపత్రి మంచం మీద అతను పాడాడు. పాడినవి సంత్ రామ్ ఉదాసీ పాటలు. ఉదాసీ 1939లో పుట్టి 1986లో పోయిన దళిత కవి, నక్సల్బరీ ప్రభావంతో జైలుకెళ్లి చిత్రహింసలు చవిచూసినవాడు. చెరబండరాజునూ గద్దర్‌నూ విన్న తెలుగువాళ్లకు ఆ పాటల కులగోత్రాలు చెప్పక్కర్లేదు.

2011 లెక్కల ప్రకారం పంజాబు జనాభాలో దళితులు దాదాపు 32 శాతం. దేశంలో ఏ రాష్ట్రంలోనూ ఇంత లేరు. సాగుభూమిలో వాళ్ల వాటా బహుస్వల్పం. అంటే ప్రతి ముగ్గురు పంజాబీల్లో ఒకరికి ఆ పాటలోని పొలం లేదు, ట్రాక్టరు లేదు. పంజాబు పల్లె అంటూ లోకమంతా వింటున్నది ఆ పల్లెలో ఒక వీధి గొంతు. బంత్ సింగ్‌ది మగతనం కాదా? చేతుల్లేకుండా తల పైకెత్తి పాడినవాడికి పౌరుషం లేదని ఎవరంటారు? ఆ పౌరుషానికి వీడియో లేదు, కారు లేదు, ఎదుటివాడి ప్రాణం తీయాలన్న కోరికా లేదు.

ఆ వీధి నుంచి కూడా ఇప్పుడు పాప్ వస్తోంది. జలంధర్‌కు చెందిన గాయని గిన్నీ మాహీ భక్తకవి రవిదాస్‌నూ అంబేద్కర్‌నూ పాడుతూ, తన కులం పేరును తిట్టుగా వాడేవాళ్ల ముందే దాన్ని గర్వంగా ఎత్తుకుంది. అయితే ఆమె వర్గం పాటల్లో కూడా కొందరు మగ గాయకులు అదే తుపాకీ, అదే జీపు తెచ్చి పెడుతున్నారు. యజమాని చొక్కా తొడుక్కున్నంత మాత్రాన యజమానితనం పోదు. అక్కడ నాకు దిగులుగా ఉంటుంది.

ప్రభుత్వాలు చేసేది నిషేధం. 2019లో పంజాబ్-హర్యానా హైకోర్టు మద్యాన్నీ మత్తుమందులనీ హింసనీ పొగిడే పాటలు కచేరీల్లో కూడా మోగకూడదంది. 2022 నవంబరులో పంజాబు ప్రభుత్వం తుపాకులను పొగిడే పాటలను నిషేధించి, ఆయుధాల లైసెన్సులు సమీక్షించమంది. లైసెన్సుల మీద చూపు పడటం మంచిదే. పాట మీద పడ్డ నిషేధం మాత్రం ఆ పాటకు మరింత మగతనం అంటగట్టింది.

నిషేధం చేయలేనిది 2020 శీతకాలంలో జరిగింది. కేంద్రం తెచ్చిన సాగు చట్టాలకు వ్యతిరేకంగా ట్రాక్టర్లు ఢిల్లీ సరిహద్దుకు కదిలాయి. సింఘూ, టిక్రీల దగ్గర ఏడాది పాటు రైతులు గుడారాలు వేసుకున్నారు. కన్వర్ గ్రేవాల్ లాంటి గాయకులు నెలల తరబడి వాళ్ల మధ్యే పాడారు. నిన్నటిదాకా పగకు బయల్దేరిన ట్రాక్టరులో ఆ రోజుల్లో బియ్యం, పరుపులు, ముసలి తల్లులు ఎక్కారు. కుర్రాళ్లు రొట్టెలు కాల్చారు, అంట్లు తోమారు. ఆ పనులు చేస్తూ వాళ్లు ఎవరూ చిన్నబోలేదు. 2021 నవంబరు 19న చట్టాలు వెనక్కి తీసుకుంటున్నట్టు ప్రధాని ప్రకటించారు. ఊళ్లకు తిరిగొచ్చాక పాత పాటలే మళ్లీ మోగాయి, నిజమే. అయినా అదే గొంతు, అదే దరువు, అదే ట్రాక్టరు వేరే మగవాణ్ని పాడగలవని ఆ ఏడాది రోజులు రుజువు చేశాయి.

టిక్రీ దగ్గర మైకు అందుకున్నవాళ్లలో మాన్సా, భటిండా జిల్లాల ఆడవాళ్లు చాలామంది. అప్పులపాలై ఆత్మహత్య చేసుకున్న రైతుల భార్యలు భర్తల ఫొటోలు చేత పట్టుకుని వేదికెక్కారు. పాటలో చావులేని ఆ జాట్ మగవాడు పురుగుమందు తాగి ఎలా పోయాడో, పోయాక అప్పు ఎవరు తీరుస్తున్నారో వాళ్లు చెప్పారు. మూడున్నర దశాబ్దాలుగా పంజాబీ పాట వినకుండా వదిలేసిన జవాబు అది. రాబోయే గాయకులు ఆ జవాబును పాటలోకి రానివ్వాలి. వాళ్ల పక్కన మైకు ముందు ఒక ఆడమనిషి నిలబడాలి, ఆమె చరణం ఆమే రాసుకోవాలి.