చదరంగపు బిరుదములు



బిరుద మనగానే మనవారికి సభయు, శాలువయు, గండపెండేరమును మనసున మెదలును. జమీందారుగారు మెచ్చినను, సభవారు మెచ్చినను కవికి బిరుదము వచ్చుచుండెను. ఇచ్చువారి మనస్సే దానికి కొలత. చదరంగమున బిరుదము లట్లు రావు. వానికి లెక్క కలదు. ఆ లెక్క యెట్టిదో, దాని కందక మిగిలిపోయిన యొక మేటి ఆటగాని చరిత్ర మెట్టిదో నేడు మనవి చేసెదను.

1924లో పారిస్ నగరమున అంతర్జాతీయ చదరంగ సమాఖ్య యేర్పడెను. దానినే ఫిడే యందురు. గ్రాండ్‌మాస్టర్ అను పేరు అంతకు మునుపే వాడుకలో నుండెను గాని, అది గౌరవార్థము పలికెడి మాట మాత్రమే. 1950లో ఫిడే దానిని బిరుదముగా స్థాపించి, మొదట 27 మందికి ఇచ్చెను. తరువాత ఏలో అను అమెరికా ఆచార్యుడు కల్పించిన లెక్క 1970లో అమలునకు వచ్చెను. ఈ లెక్కలో ఆటగాని బలమున కొక అంకె యుండును. గెలుచుట యొక్కటియే చాలదు. ఎవరిపై గెలిచితి వని అది యడుగును. బలవంతుని గెలిచిన అంకె మిక్కిలి పెరుగును. బలహీనునిచే ఓడిన మిక్కిలి తరుగును. గ్రాండ్‌మాస్టరు కాదలచినవాడు 2500 అంకెను చేరవలెను. అదిగాక, గట్టివారు పాల్గొను పోటీలలో, సాధారణముగా మూడింట, మొత్తము 27 ఆటలకు తగ్గకుండ ఆ స్థాయి ఆట ఆడి చూపవలెను. అంకె ఎక్కుచు దిగుచుండును గాని, వచ్చిన బిరుదము జీవితాంతము నిలుచును.

మన దేశమున ఈ బిరుదము మొదట పొందినవాడు విశ్వనాథన్ ఆనంద్. అది 1988వ సంవత్సరము. తెలుగువారిలో పెంటేల హరికృష్ణ 2001లోను, కోనేరు హంపి 2002లో పదునైదేండ్ల ప్రాయముననే, ద్రోణవల్లి హారిక 2011లోను దీనిని గెలిచిరి. స్త్రీలకు ప్రత్యేకముగా, తక్కువ కొలతతో వేరొక బిరుదము కలదు. హంపి, హారికలు సాధించినది పురుషులకును స్త్రీలకును ఒక్కటే కొలతగల పెద్ద బిరుదము.

ఇక నా చెప్పదలచిన కథ. పంజాబు దేశమున మీర్ సుల్తాన్ ఖాన్ అను ఆటగాడుండెను. సర్ ఉమర్ హయాత్ ఖాన్ అను గొప్ప భూస్వామి ఆతనిని చేరదీసెను. సుల్తాన్ ఖాన్ బాల్యమున నేర్చినది మన దేశపు పాత ఆట. అందు బంటు తొలి యెత్తున సైతము ఒక్క గడియే నడచును. రాజును ఏనుగును ఒకే యెత్తున స్థానములు మార్చు పద్ధతి లేదు. మన పల్లెల రచ్చబండలపై ఆడిన పెద్దలకు ఈ భేదము వేరుగా చెప్పనక్కర లేదు. ఐరోపా పద్ధతిలో ఆట త్వరగా ముదురును; అచటివారు తొలి యెత్తులను పుస్తకములనుండి వల్లించి వత్తురు. సుల్తాన్ ఖానునకు అట్టి పుస్తకాభ్యాసము లేకుండెను. అయినను 1928లో అఖిల భారత పోటీ గెలిచి, మరుసటి యేడు సర్ ఉమర్ వెంట ఇంగ్లండు చేరి, ఆ 1929లోనే బ్రిటిష్ విజేత యయ్యెను. మరల 1932, 1933లలో గెలిచెను.

ఆతని తొలి యెత్తులు బలహీనములనియు, ఆట నడుమకు వచ్చినపిమ్మట ఆతనిని కదల్చుట కష్టమనియు విమర్శకులందురు. 1930 చివర హేస్టింగ్సు పోటీలో, అంతకు మూడేండ్ల ముందువరకు జగజ్జేతయైన కాపబ్లాంకాను ఓడించెను. 1931లో టార్టకోవరుతో పండ్రెండాటల పందెమున ఒక్క పాయింటు తేడాతో నెగ్గెను. ఆ యేడే ప్రాగ్ నగరమున ఇంగ్లండు జట్టునకు మొదటి బల్లపై ఆడి రూబిన్‌స్టైనును గెలిచెను. ఆ యింటివారిలోనే ఫాతిమా యను యువతి 1933లో బ్రిటిష్ స్త్రీల పోటీ గెలిచినది. ఒక్క యింటికి, ఒక్క యేట, రెండు కిరీటములు!

1933 చివర సర్ ఉమర్ స్వదేశమునకు మరలెను. సుల్తాన్ ఖానును వెంట వచ్చెను. మరల ఐరోపా పోటీల కాతడు పోలేదు. ఆడినది ఐదేండ్లకు లోపే.

ఇప్పుడు 1950 నాటి ఆ 27 పేర్లను చూడుడు. అందు రూబిన్‌స్టైను గలడు. ఆయన పోటీలు మాని చాల యేండ్లయినను, పూర్వపు ప్రతిభను గణించి యిచ్చిరి. అది న్యాయమే. టార్టకోవరును గలడు. వారిరువురను గెలిచిన సుల్తాన్ ఖాన్ మాత్రము లేడు. అప్పటి కాతడు జీవించియే యుండెను, పాకిస్తానములో చేరిన తన పంజాబులో. 1966లో మరణించెను. తన బిడ్డలకు చదరంగము నేర్పక, ఇంతకంటె ఉపయోగకరమైన పని చేసికొను డని చెప్పెనట. ఈ మాట నేను పలుమారులు తలచుకొనుచుందును. అది విరక్తియో, వివేకమో తేల్చుకొనజాలను.

2024 ఫిబ్రవరిలో ఫిడే యధ్యక్షుడు ఇస్లామాబాదునకు వచ్చి, సుల్తాన్ ఖానునకు గౌరవ గ్రాండ్‌మాస్టరు బిరుదమును ప్రకటించెను. మరణించి దాదాపు 58 ఏండ్లు గడచినందున, పత్రమును నాటి పాకిస్తాను ఆపద్ధర్మ ప్రధానమంత్రి యందుకొనెను.