సత్యజిత్ రాయ్ తీసిన 20 నిమిషాలు

సత్యజిత్ రాయ్ అనగానే అందరం ‘పథేర్ పాంచాలి’ని తలుచుకుంటాం. మంచిదే. కానీ పెద్దల మీద ఆయన తీసిన డాక్యుమెంటరీలు కూడా ఉన్నాయి: 1961లో రవీంద్రుడి మీద, 1976లో నర్తకి బాలసరస్వతి మీద, 1987లో తన తండ్రి సుకుమార్ రాయ్ మీద. వాటి సంగతి మరోసారి. ఇవాళ నా మనసంతా 1972 నాటి ‘ది ఇన్నర్ ఐ’ మీదే ఉంది.

దీన్ని ఓ ఫిల్మ్ సొసైటీలో చూశాను. అసలు సినిమాకు ముందు, జనం కుర్చీల్లో సర్దుకునేలోగా వేసేశారు. ఆ అసలు సినిమా ఏదో ఇప్పుడు గుర్తే లేదు!

ఈ సినిమా శాంతినికేతన్‌లో రాయ్‌కి బొమ్మలు నేర్పిన గురువు బినోద్ బిహారీ ముఖర్జీ గురించి. చిన్నప్పటి నుంచీ ఆయనకు చూపు అంతంతమాత్రం. అయినా హిందీ భవన్ గోడల నిండా మధ్యయుగపు భక్తుల జీవితాలు చిత్రించారు. ఆ భక్తుల్లో అంధకవి సూరదాసూ ఉన్నాడు. ఆ తర్వాత పదేళ్లకు అటూఇటూగా, కంటి ఆపరేషన్ వికటించి, బినోద్ బాబుకే చూపు పూర్తిగా పోయింది.

ఇంకో దర్శకుడైతే ఇక్కడ వయొలిన్లు ఏడిపించేవాడు. రాయ్ వ్యాఖ్యానం తనే చదివారు, గొంతు ఎక్కడా వణకదు. చూపు లేని ఆ మనిషి వేళ్లతో కాగితం మడిచి మనుషుల ఆకారాలు తీస్తుంటారు, కళాభవన్ గోడకు టైళ్ల మీద కొత్త చిత్రం తయారవుతుంటుంది. జాలిపడే తీరిక మనకు దొరకదు.

చివర్లో నిఖిల్ బెనర్జీ సితార్ మీద ఆసావరి. మన కర్ణాటక అసావేరి అనుకునేరు, ఇది హిందుస్తానీది, పొద్దెక్కుతుండగా పాడే రాగం. ఇలాంటి కథను సాయంకాలపు రాగంతో ముగించడం ఎవరికైనా తేలికే. రాయ్ ఉదయరాగం పెట్టారు. నా లెక్కన ఆ సినిమాకంతటికీ ప్రాణం అక్కడుంది.

ఒకప్పుడు హాల్లో ఫిల్మ్స్ డివిజన్ బొమ్మ పడుతుంటే, ‘ఇంకా న్యూస్‌రీలేలే’ అంటూ బయట సోడా తాగుతూ నిలబడేవాళ్లం. ఇదీ ఫిల్మ్స్ డివిజన్ వారిదే. ఇప్పుడు ఫోన్‌లో వేగం పెంచుకుని చూసేస్తున్నారు. 20 నిమిషాలకు కూడా తొందరేమిటండీ? సితార్ మొదలయ్యాక మాత్రం దయచేసి లేవకండి.