ఎవరు ముందొచ్చారు?

(ఆదివాసీ దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



పోటీ పరీక్షలకు చదివే పిల్లలు స్టడీ అవర్‌లో మమ్మల్ని తరచూ అడిగే ప్రశ్న ఒకటుంది. "మేడమ్, ఆర్యులు నిజంగా బయటి నుంచి వచ్చారా? మనమేనా అసలు మూలవాసులం?" ఆర్యులు గుర్రాల మీద దండెత్తి వచ్చి మన పూర్వీకులను అడవుల్లోకి తరిమేశారని ఫోన్లో ఒక మెసేజ్ వస్తుంది. అదంతా తెల్లవాళ్లు అల్లిన కట్టుకథ, ఎవరూ ఎక్కడి నుంచీ రాలేదని మర్నాడు ఇంకోటి వస్తుంది. రెండింటి కిందా "అందరికీ పంపండి" అనే ఉంటుంది. అందులో ఏది ఎంతవరకు నిలుస్తుందో చెప్పడం మా బాధ్యత.

అసలు ఇది మొదట్లో భాషల గురించి పుట్టిన చర్చ. 1786లో కలకత్తాలో విలియం జోన్స్ అనే న్యాయమూర్తి సంస్కృతం, గ్రీకు, లాటిన్ భాషలకు ఒకే మూలం ఉండి ఉండాలని ప్రసంగించాడు. 1816లో మద్రాసులో ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ అనే అధికారి తెలుగు, తమిళం, కన్నడం సంస్కృతం నుంచి పుట్టలేదని, అవి వేరే కుటుంబమని చూపించాడు. ఆ మాట అచ్చయింది ఎక్కడో తెలుసా? కాంప్‌బెల్ రాసిన తెలుగు వ్యాకరణంలో. ద్రావిడ భాషల సంగతి లోకానికి మొదట చెప్పిన పుస్తకాల్లో మన తెలుగు వ్యాకరణం ఒకటి.

తర్వాత వచ్చినవాళ్లు భాష పేరును జాతి పేరుగా మార్చేశారు. ఆర్య భాష మాట్లాడేవాళ్లంటే ఒక రక్తం, ఒక రంగు, ఒక ముఖం అన్నారు. ఆ మాటను బాగా ప్రచారంలోకి తెచ్చినవాళ్లలో ఒకడైన మాక్స్ ముల్లరే 1888 నాటికి, ఆర్య అన్నది భాషకు సంబంధించిన మాట, రక్తానికి కాదని హెచ్చరించాల్సి వచ్చింది. అప్పటికే ఆలస్యమైంది. యూరప్‌లో ఆ మాట చివరికి హిట్లర్ చేతిలో పడి లక్షల ప్రాణాలు తీసింది.

మన దేశంలో ఒక్కొక్కరు ఒక్కో రకంగా వాడుకున్నారు. జ్యోతిరావు ఫూలే 1873లో 'గులాంగిరి' రాసి, బయటి నుంచి వచ్చినవాళ్లే శూద్రులను, అతిశూద్రులను బానిసలను చేశారన్నాడు. తిలక్ 1903లో ఆర్యుల తొలి ఇల్లు ఉత్తర ధ్రువం దగ్గర ఉందన్నాడు. అంబేద్కర్ 1946లో శూద్రుల గురించి రాసిన పుస్తకంలో ఆర్య జాతి దండయాత్ర అన్న సిద్ధాంతాన్నే తోసిపుచ్చారు. ఈ ముగ్గురినీ ఒకేచోట పెట్టి చదవండి. అణగారినవాళ్ల పక్షాన నిలబడిన ఇద్దరు మహానుభావులు ఈ విషయంలో రెండు వేరు దారుల్లో నడిచారు. కాబట్టి ఈ సిద్ధాంతం నమ్మితేనే మనవాడు, నమ్మకపోతే పరాయివాడు అనే లెక్క కుదరదు.

ఇక ఆధారాల సంగతి. మొహెంజొదారోలో దొరికిన అస్థిపంజరాలను చూసి ఆర్యుల ఊచకోత జరిగిందని మార్టిమర్ వీలర్ అన్నాడు. ఆ ఎముకలన్నీ ఒకే కాలానివి కావని, ఊచకోతకు ఆధారం లేదని 1964లో జార్జ్ డేల్స్ చూపించాడు. అంటే దండయాత్ర కథకు పునాది కదిలిపోయింది. అయితే వలస జరగలేదని అర్థం కాదు. దండెత్తడం వేరు, తరతరాలుగా జనం కొద్దికొద్దిగా వచ్చి కలవడం వేరు.

2009లో హైదరాబాద్ సీసీఎంబీ శాస్త్రవేత్తలు, అమెరికా శాస్త్రవేత్తలు కలిసి 25 సముదాయాల డీఎన్ఏ పరిశీలించారు. అందులో మన చెంచులు ఉన్నారు, మాల, మాదిగ, వెలమ, వైశ్యులు ఉన్నారు. మన దేశంలో దాదాపు అందరూ కనీసం రెండు పాత జనాల కలయిక అని తేలింది. పాళ్లలోనే తేడా. 2019లో హర్యానాలోని రాఖీగఢీలో సింధు నాగరికత కాలపు ఒక స్త్రీ డీఎన్ఏ ఫలితం వచ్చింది. ఆమెలో మధ్య ఆసియా గడ్డిమైదానాల జనం వారసత్వం కనిపించలేదు. అదే సమయంలో వచ్చిన మరో పెద్ద అధ్యయనం, ఆ వారసత్వం క్రీ.పూ. 2000 తర్వాత ఇటు చేరిందని చెప్పింది. ఈ రెండూ కలిపి చూస్తే వలస జరిగిందన్న మాటకే బలం ఎక్కువ. అయితే ఎముక భాష మాట్లాడదు. సింధు లిపిని ఇప్పటికీ ఎవరూ అందరూ ఒప్పుకునేలా చదవలేదు. వాదన సాగుతూనే ఉంది.

ఇప్పుడు మన హాస్టల్ గదిలోకి రండి. ఒకే గదిలో సవర పిల్ల, కొండదొర పిల్ల, కోదు పిల్ల, కోటియా పిల్ల పడుకుంటారు. సవర భాష ముండా కుటుంబానిది. దాని దూరపు చుట్టాలు కంబోడియాలో, వియత్నాంలో ఉన్నాయి. ఆ కుటుంబం మూలం తూర్పున ఆగ్నేయాసియా వైపు ఉందని చాలామంది భాషావేత్తల అభిప్రాయం. కోదుల కువి, కొండదొరల కొండ భాష ద్రావిడ కుటుంబానివి. కోటియాల ఆదివాసీ ఒడియా ఆర్య భాషా కుటుంబానిది. లంబాడీ పిల్లల గోర్‌బోలీ కూడా ఆర్య కుటుంబమే. గదబలనే తీసుకోండి. పేరు ఒకటే, కానీ గుతోబ్ మాట్లాడేవాళ్లది ముండా భాష, ఒల్లారి మాట్లాడేవాళ్లది ద్రావిడ భాష.

మరి ఆర్య భాష మాట్లాడే ప్రతివాడూ పరాయివాడే అంటే, కోటియా పిల్లను, లంబాడీ పిల్లను ఏ మంచం మీద నుంచి లేపుతాం? తూర్పు నుంచి వచ్చిన భాష పరాయిదంటే సవర పిల్లకు ఏం చెబుతాం? ఎవరు ముందొచ్చారన్న గీత గీస్తే అది మన ఇంటి మధ్యలోంచే పోతుంది.

బడిలో మీ భాషను చూసి నవ్వినవాళ్లకు చెప్పడానికి ఒక మాట ఉంచుకోండి. కొండ భాష మీద 1969లో పుస్తకం వేసిన భద్రిరాజు కృష్ణమూర్తి గారి వర్గీకరణ ప్రకారం, తెలుగు తమిళం కంటే గోండి, కువి, కొండ భాషలకే దగ్గరి బంధువు. గోండిలో రండ్, మూండ్, నాలుంగ్ అంటే తెలుగులో రెండు, మూడు, నాలుగు. మీది యాస కాదు, తెలుగుకు తోడబుట్టిన భాష.

1946 డిసెంబరులో రాజ్యాంగ సభలో జైపాల్ సింగ్ ముండా గారు సింధు నాగరికతను గుర్తుచేసి, మిగతావాళ్లంతా తర్వాత వచ్చినవాళ్లే అన్నారు. మనల్ని మనుషులుగానే లెక్కపెట్టని సభలో తలెత్తుకుని అన్న మాట అది. ఆ ధైర్యానికి మొక్కుదాం. కానీ మన హక్కు ఆ వాదన మీద ఆధారపడి లేదని కూడా తెలుసుకుందాం. రాజ్యాంగం 342వ అధికరణంలో ఎవరు ముందొచ్చారన్న షరతు లేదు. 1/70 చట్టం షెడ్యూల్డ్ ప్రాంతంలో భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా కాపాడుతుంది, నాలుగు వేల ఏళ్ల కిందటి సాక్ష్యం అడగదు. 2006 అటవీ హక్కుల చట్టం మనల్ని అడిగేది 2005 డిసెంబరు 13 నాటికి ఆ భూమిలో ఉన్నామా లేదా అని. దానికి ఊరి పెద్దల వాంగ్మూలం సాక్ష్యమే. మన శ్మశానాలు, దేవర స్థలాలు సాక్ష్యమే. రేపు ఏదో ప్రయోగశాల ఇంకో ఫలితం ప్రకటించినా ఈ హక్కులో ఇసుమంత తగ్గదు.

అందుకే మా కోరిక ఇది. మెసేజ్ వస్తే పంపే ముందు ఎవరు చెప్పారు, ఏ ఆధారంతో చెప్పారు అని అడగండి. సెలవులకు ఇంటికి వెళ్లినప్పుడు మీ తాతను, అమ్మమ్మను కూర్చోబెట్టి ఊరు ఎప్పుడు కట్టారో, ఏ కొండకు ఏ పేరు పెట్టారో, దేవర ఎక్కడ ఉందో వాళ్ల భాషలోనే ఫోన్లో రికార్డు చేయండి. ఆర్యుల గురించి పండితులు ఇంకో వందేళ్లు వాదించుకుంటారు, వాళ్లకు తొందర లేదు. మన ముసలివాళ్లకు మాత్రం అంత సమయం లేదు. ఈ సెలవుల్లోనే ఆ పని మొదలుపెట్టండి.