శనివారపు ఆటగాడు



నేను ముప్పదియైదేండ్లు బడిపంతులుగా బాలుర నడుమ కాలము గడపినవాడను. సంస్కృతాంధ్రములు చదువుకొన్న ఈ ముసలివానికి కాలిబంతితో నేమి పని యని మీలో కొందఱు నవ్వవచ్చును. ఆ యాటకును బడికిని వైరము లేదు. 1951లోను 1962లోను ఆసియా క్రీడలయందు మన దేశపు కాలిబంతి జట్టుచే స్వర్ణపతకమును గెలిపించిన శిక్షకుడు, హైదరాబాదు వాడైన సయ్యద్ అబ్దుల్ రహీం, వృత్తిచేత ఉపాధ్యాయుడే. అయినను నేనిపుడు చెప్పబోవునది ఆయన కథ కాదు. ఇంగ్లండు దేశమందలి యొక కూలివాని కథ. అది ఆటనుగూర్చినదే యైనను, బాలుర యోగ్యతను తూచెడు పెద్దలందఱును వినదగినది.

ముందుగా ఆ దేశమున ఈ యాట నడచు తీరు కొంత తెలిసికొనవలెను. కాలిబంతికి నియమములు కూర్చిన సంఘము లండను నగరమున 1863లో ఏర్పడెను. ఆటకు కూలి పుచ్చుకొనుట మర్యాద కాదని మొదట పెద్దలు తలంచిరి. కాని 1885లో దాని నంగీకరింపక తప్పినది కాదు. 1888లో 12 జట్లు కూడి లీగు అను వార్షికపు పోటీని నెలకొల్పెను. నేడు ఆ కట్టడము ఒక పొడవైన నిచ్చెనను పోలియుండును. పైమెట్టున 20 జట్లుగల ప్రీమియరు లీగు. దాని క్రింది మూడు మెట్లయందు 72 జట్లు. వానికిని క్రింద ఊరూరి జట్లతో నిండిన మెట్లెన్నో కలవు. ఏటేట ముందు నిలిచిన జట్లు పైకెక్కును. వెనుకబడినవి క్రిందికి దిగును.

ఆ క్రింది మెట్ల యాటగాండ్రలో పలువురు అర్ధవృత్తి గాండ్రు. అనగా వారమంతయు కర్మాగారమునందో, అంగడియందో, గోడపనియందో కష్టించి, సాయంకాలములందు సాధనచేసి, శనివారమున ఆడువారు. ఆటవలన వచ్చు సొమ్ము చేతిఖర్చునకు మించదు. చూడవచ్చువారు కొన్ని వందలమంది మాత్రమే. మైదానము బురద, గాలి చలి. అయినను వారు మానరు.

అట్టివారిలో నొకడు జేమీ వార్డీ. ఇతడు 1987 జనవరి 11వ తేదీన, ఉక్కుపనికి పేరువడసిన షెఫీల్డు నగరమున జన్మించెను. ముందువరుసను నిలిచి గోలు కొట్టుట ఇతని పని. బాల్యమున ఆ నగరపు పెద్ద సంఘములలో నొకటియైన షెఫీల్డు వెన్స్‌డే శిక్షణలో నుండెను. పదునాఱేండ్లు నిండీ నిండని వయసున, "నీవు పొట్టివాడవు, పనికిరావు" అను భావముతో వారతనిని పంపివైచిరి. బాలుడు కొన్ని నెలలు బంతి ముట్టలేదు. చిత్రమేమనగా, అటుపిమ్మటనే అతడు ఏపుగా నెదిగెను. పైరు ఈనకమునుపే పొలము దున్నివేసిన రైతు నేమందుము?

తరువాత నతడు షెఫీల్డునకు చేరువనున్న స్టాక్స్‌బ్రిడ్జి పార్కు స్టీల్సు అను చిన్న సంఘమున చేరెను. పేరులోనే ఉక్కు కలదు. అచ్చట అతనికి వారమునకు ముట్టినది 30 పౌనులు. పగలు ఒక కర్మాగారమున, బలములేని కాళ్లకు ఆధారముగా కట్టెడు వైద్యపు బద్దలను తయారుచేయుచుండెను. బరువులు మోసి మోసి నడుము నొచ్చెడిదట. సాయంకాలము సాధన, శనివారము ఆట.

ఇతని నొక ఋషిగా చిత్రించుట నా యుద్దేశము కాదు. 2007లో నొక కొట్లాటలో దోషియని తీర్పుపొంది, సాయంకాలము ఆఱు గంటలకెల్ల ఇల్లు చేరవలెనను కట్టుబాటునకు లోనై, చీలమండకు కావలి పరికరము ధరించి కొన్ని నెలలు గడపెను. వినికిడి యంత్రము పెట్టుకొన్న తన మిత్రుని హేళనచేసినందుకు కలుగజేసికొంటినని అతడు చెప్పుకొనెను. కారణ మేదైనను తప్పు తప్పే. దూరపు ఊళ్లలో ఆట జరుగునపుడు, ఆట ముగియకమునుపే మైదానమును వీడి యింటికి పరుగెత్తవలసి వచ్చెడిది. ఐనను ఆ చిన్న సంఘమువారు అతనిని త్రోసిపుచ్చలేదు. ఆడినంతసేపు ఆడనిచ్చిరి. ఈ మాటను మీరు గుర్తుంచుకొనవలెనని నా ప్రార్థన.

పిమ్మట మెట్లు ఒక్కొక్కటిగా ఎక్కెను. 2010లో హాలిఫాక్సు సంఘమువారు 15,000 పౌనులిచ్చి తీసికొనిరి. ఆ యేడు ఆ జట్టు తన మెట్టున ప్రథమస్థానము నందెను. 2011లో ఫ్లీట్‌వుడ్ సంఘమున చేరి, ఒక్క ఋతువులో లీగు ఆటలయందు 31 గోలులు కొట్టెను. ఆ చిన్న రేవుపట్టణపు జట్టు మొదటిసారిగా 92 పెద్దజట్ల వరుసలోనికి చేరెను. 2012 మేనెలలో లెస్టరు సిటీ సంఘమువారు పది లక్షల పౌనులకు అతనిని కొనిరి. క్రింది మెట్ల యాటగానికి అంత వెల అంతకు మున్నెన్నడును పలుకలేదు. అప్పటి కతనికి ఇరువదియైదేండ్లు.

ఇచ్చటితో కష్టములు తీరెనా? తీరలేదు. మొదటి యేడు కాలు సాగలేదు. గోలులు కొన్ని మాత్రమే వచ్చెను, ప్రేక్షకులు గొణిగిరి. తాను ఈ మెట్టునకు తగనేమో యని అతనికే సంశయము పుట్టి, ఆటనే విడువ దలచెను. అప్పుడు జట్టు నాయకత్వము వహించిన నైజెల్ పియర్సనును, ఆయన సహాయకుడును అతనిని కూర్చుండబెట్టి, "నీవు తగినవాడవే" యని ధైర్యము చెప్పిరి. మఱుసటి యేడు, 2014లో, ఆ జట్టు తన మెట్టున ప్రథమమై ప్రీమియరు లీగున కెక్కెను. 2015 జూనులో వార్డీ తన దేశపు జట్టునందే ఆడెను.

2015-16 సంవత్సరపు పోటీ ఆరంభమున, లెస్టరు గెలిచినచో ఒక పౌను ఒడ్డినవానికి 5,000 పౌనులిత్తుమని పందెపుటంగళ్లవారు చాటిరి. అనగా అది జరుగని పని యని వారి నమ్మకము. ఆ యేడు ఆగస్టు 29 మొదలు నవంబరు 28 వఱకు వార్డీ వరుసగా 11 ఆటలలో గోలు కొట్టెను. ప్రీమియరు లీగునందు అంతకుముందు ఎవరును పదింటిని దాటలేదు. మొత్తము ఆ పోటీలో అతని గోలులు 24. 2016 మే 2వ తేదీన లెస్టరునకు విజయము నిశ్చయమయ్యెను. 1884లో పుట్టిన ఆ సంఘమునకు దేశపు పై మెట్టున అదియే మొదటి గెలుపు. ముప్పదిమూడేండ్ల ప్రాయమున, 2020లో, 23 గోలులతో లీగునం దందఱికంటె నెక్కుడుగా కొట్టినవాడయ్యెను. 2025 మేనెలలో ఆ సంఘమును వీడునాటి ఆట అతనికి ఆ జట్టులో 500వది. ఆనాడు కొట్టినది 200వ గోలు.

ఇంతవఱకు కథ. ఇక దీని సారము.

"చూచితివా, కష్టపడినచో నెవడైనను పైకి వచ్చును" అని చెప్పి ముగించుట సులభము. కాని అది పూర్తిగా సత్యము కాదు. ఆ దేశమున శనివారములందు ఆడు వేలమంది పనివారిలో పైమెట్టు చూచినవారు కొందఱే. వార్డీకి ముందు ఇయాన్ రైట్ అను గోడపూత పనివాడు 1985లో, ఇరువదిరెండేండ్లకు చేరువలో, పెద్ద సంఘమున చేరి యశస్సు గడించెను. అట్టివారిని వ్రేళ్లమీద లెక్కింపవచ్చును. తక్కినవారు సోమవారమున మరల పనికి పోవుదురు. వారి యాట వ్యర్థమా? కాదు. ఆటయం దానందము కలవానికి ఆడుటయే మొదటి ఫలము.

నేను గ్రహించినది వేఱు. ఒక సంఘము కాదన్న బాలునికి, ఆ నిచ్చెన క్రింది మెట్టు మిగిలియుండెను. అచ్చట ఎవరో యిరుకైన మైదానమును చదునుచేసి, బంతికి గాలి కొట్టి, దీపము వెలిగించి కాచుకొనియుండిరి. వార్డీ కాలి బలము అతనిదే. కాని ఆ మెట్టు పదిమందిది. అది లేకున్న ఆ బలము కర్మాగారపు గోడల నడుమనే యుండిపోయెడిది.

ఒక మాట యొప్పుకొందును. నేను బడిలో నున్న దినములలో, పదవ తరగతి రెండుమార్లు తప్పిన బాలుని తండ్రి నాయొద్దకు వచ్చి, "పంతులుగారూ, మావాణ్ణి ఇంకొకసారి కూర్చోబెట్టమంటారా?" అని యడిగెను. నేను పుస్తకమునుండి తల యెత్తకయే, "వానికి చదువు రాదు, అరక పట్టించుము" అంటిని. అరకపని తక్కువ యని కాదు. ఆ మాట అనుటకు ముందు నేనా బాలుని ముఖమైనను చూడలేదు. వాడు మరల బడి గడప త్రొక్కలేదు. వాడేమి కాగలిగెడివాడో నాకు తెలియదు. తెలిసికొను దారిని నేనే మూసితిని.

పెద్దలారా! ఊరిలో తీర్పు చెప్పువారు మీరు. పదునాఱేండ్ల పిల్లవానిగూర్చి "వీడింతే" యను మాట నోట వచ్చినపుడు, ఒక్క క్షణ మాగుడు. పై మెట్టును మనము కట్టలేకపోవచ్చును; క్రింది మెట్టును తీసివేయకుండుట మాత్రము మన చేతిలోనిదే.