రామాయణం పదకొండు సార్లు జరిగిందా? కాకి చెప్పిన కాలం కథ

రామాయంపేట నుంచి మాట్లాడుతున్నా. పోయిన వీడియో కింద చాలామంది ఒకటే ప్రశ్న అడిగారు. "అన్నా, రామాయణం పదకొండు సార్లు, మహాభారతం పదహారు సార్లు జరిగిందంట, నిజమేనా?" అని. ఒక తమ్ముడైతే ఇట్లా రాసిండు: "అన్నీ మళ్లీ మళ్లీ జరిగేవే అయితే నేను సప్లీ ఫీజు కట్టి ఏం లాభం? పోయిన కల్పంలో కూడా ఫెయిలే అయ్యుంటా." నవ్వుకుంట రాసిండో, బాధపడుకుంట రాసిండో తెలియదు. అందుకే ఈ రోజు దీని గురించే మాట్లాడుకుందాం.

ముందు కథ. ఇది యోగవాసిష్ఠం అనే సంస్కృత గ్రంథంలో ఉంది. అందులో ఆరు ప్రకరణాలు. చివరిదైన నిర్వాణ ప్రకరణంలో వసిష్ఠుడు మేరు పర్వతానికి పోతాడు. అక్కడ కల్పవృక్షం మీద భుశుండుడు అనే కాకి ఉంటుంది. లోకాలు పుట్టినా, మునిగినా ఆ కాకికి చావు లేదు. అన్నీ చూసింది, అన్నీ గుర్తున్నాయి. నువ్వు పుట్టడం ఇది ఎనిమిదోసారి అని వసిష్ఠుడికే చెప్తుంది. రాముడి అవతారం పదకొండోసారి, కృష్ణుడిది పదహారోసారి అని లెక్క చెప్తుంది.

ఎంత కాలం అది? పురాణాల లెక్కలో ఒక మహాయుగం 43,20,000 ఏళ్లు. అట్లాంటివి 1000 అయితే 432 కోట్ల ఏళ్లు. అది బ్రహ్మకు ఒక్క పగలు, అదే కల్పం.

కానీ రీల్స్‌లో వదిలేసే ముక్క ఒకటుంది. ప్రతిసారీ అచ్చం అదే జరిగిందని కాకి చెప్పదు. కొన్ని సృష్టులు ఇలాగే ఉన్నాయి, కొన్నింటికి సగం పోలిక, కొన్నింటికి పోలికే లేదు అంటుంది.

అదే గ్రంథంలో లీల కథ ఇంకా విచిత్రం. ఒక బ్రాహ్మణ దంపతులు చనిపోయి ఎనిమిది రోజులే అవుతుంది. వాళ్ల ఇంట్లోనే, ఆ కాస్త చోటులోనే, వాళ్లు రాజూ రాణీగా ఇంకో జీవితం గడిపేస్తారు. ఇప్పటి మాటలో చెప్పాలంటే ప్యారలల్ వరల్డ్.

మరి ఇది సైన్సా? కాదు. 1957లో హ్యూ ఎవెరెట్ అనే అమెరికా శాస్త్రవేత్త క్వాంటం ఫిజిక్స్ నుంచి "అనేక ప్రపంచాలు" అనే ఆలోచన తెచ్చాడు. దాన్లో కాలం కొమ్మల్లెక్క చీలుతుంది, తిరిగి రాదు. రెండూ ఒకటే అని చెప్పే థంబ్‌నెయిల్స్ నమ్మకండి.

ఇంకో ఉదాహరణ. మన తెలుగు సంవత్సరాలు 60 ఏళ్లకు తిరిగొస్తాయి. 1965 విశ్వావసు, 2025 విశ్వావసు. అప్పుడూ పాకిస్తాన్‌తో యుద్ధం, 2025 మే నెలలోనూ దాడులు. "చూశారా, రిపీట్ అయింది!" అన్నారు. మరి 1971 యుద్ధం? 1999 కార్గిల్? వాటికి 60 ఏళ్ల ముందు పాకిస్తాన్ అనే దేశమే లేదు. కలిసినవి పట్టుకుని, కలవనివి వదిలేస్తే ఏ లెక్కైనా కుదురుతుంది.

ఇప్పుడు తమ్ముడి ప్రశ్నకొద్దాం. ఈ కథలన్నీ వసిష్ఠుడు ఎవరికి చెప్పాడు? రాముడికే. అప్పటికి రాముడికి పదహారు కూడా నిండలేదు. తీర్థయాత్ర నుంచి వచ్చినప్పటినుంచి తిండి మీద మనసు లేదు, ఏ పనీ చెయ్యబుద్ధి కాదు, అంతా వ్యర్థం అనిపిస్తుంది. అట్లాంటి పిల్లగాడికి వసిష్ఠుడు కాకి కథ కన్నా చాలా ముందు, రెండో ప్రకరణంలోనే, పౌరుషం గురించి చెప్తాడు. పౌరుషం అంటే మీసం తిప్పడం కాదు, మన ప్రయత్నం. విధి అంటే వేరే ఏదో కాదు, వెనకటి మన ప్రయత్నమే. ఆ పాతదీ, ఈ కొత్తదీ రెండు పొట్టేళ్లలా కొట్లాడతాయి, బలమున్నది గెలుస్తుంది అంటాడు.

అంటే కాలం తిరుగుతుందని చెప్పిన పుస్తకమే, చేతులు ముడుచుకుని కూర్చోవద్దని కూడా చెప్పింది. నిన్న ఫెయిలైన పేపర్ పాత పొట్టేలు. ఈ రోజు నువ్వు చదివే రెండు గంటలు కొత్త పొట్టేలు. దేనికి మేత వేస్తావో నీ ఇష్టం.

తమ్మీ, ముందు ఫీజు కట్టు. ఏ సబ్జెక్టో కామెంట్‌లో చెప్పు, తెలిసినోళ్లు నోట్స్ పంపుతరు. మళ్లీ కలుద్దాం.