చక్కెర జమాఖర్చులు



పండుగనాటి బొబ్బట్టులోని తీపిని నాలుక యెరుగును. ఆ తీపి వెనుకటి కథను అందరును ఎరుగరు.

ఆంగ్ల సామ్రాజ్యపు చెరకుతోటలలో మొదట ఆఫ్రికా బానిసలు పనిచేసిరి. 1833లో బానిసత్వమును రద్దుచేయు శాసనము వచ్చెను. యజమానులకు రెండుకోట్ల పౌనుల నష్టపరిహారము ముట్టెను. బానిసలకు చిల్లిగవ్వయు ముట్టలేదు. పిమ్మట తోటదొరలు కూలీలకై మన దేశమువైపు చూచిరి.

ఆనాడు అమరావతి గల మన గుంటూరు జిల్లా యెట్లుండెను? 1832-33లో నందన కరువు వచ్చి, ఇంచుమించు 5 లక్షల జనములో లక్షన్నరకు తక్కువ గాకుండ నశించిరి. ఆ మరుసటి యేటనే, 1834లో, మారిషస్ దీవికి కూలీల ఓడలు మొదలయ్యెను. ఇచట ఆకలి, అచట చెరకు, నడుమ దళారి. గోదావరి ముఖమునగల కోరంగి రేవున ఓడలెక్కినందుననే అచటి తెలుగువారికి ‘కోరింగీలు’ అను పేరు కలిగెను. 1839లో ప్రభుత్వము ఈ వలసను నిషేధించియు, 1842లో మారిషస్‌కు మరల అనుమతించెను.

ఒడంబడిక 5 సంవత్సరములు. జీతము నెలకు 5 రూపాయలు, బత్తెము. ఒకదినము పనికి రాకున్న రెండుదినముల కూలి కోయుదురు. లెక్క తెలిసినవారు యోచింపుడు: 15 దినములు రానివానికి నెల జీతము సున్న! తోట విడిచి తిరిగినవానికి చెరసాల.

1860 నవంబరు 16న మద్రాసునుండి ‘ట్రూరో’ ఓడ 342 మందితో నేటాలులోని డర్బన్ రేవు చేరెను. 1903 నుండి మద్రాసు ఓడలు ఫిజీకిని సాగెను. ‘అగ్రిమెంటు’ అను మాట వారి నోట ‘గిర్మిట్’ ఆయెను. 1917లో ఈ కూలీ వలస ఆగెను. 1920 జనవరి 1న ఫిజీలో మిగిలిన ఒడంబడికలును రద్దయ్యెను.

మారిషస్‌కే ఇంచుమించు 4½ లక్షల భారతీయులు చేరిరి. ప్రతివానికి ఒక అంకె నిచ్చి, పేరు, తండ్రి పేరు, వయస్సు, ఎత్తు, దేహచిహ్నములు చిట్టాలలో నెక్కించిరి. ఇంటివద్ద ఎదురుచూచిన తల్లుల లెక్క ఆ చిట్టాలలో లేదు. ఐనను అవి నేడు అచటి మహాత్మాగాంధీ సంస్థలో భద్రముగ నున్నవి. మనుమలు తాతల ఊరు వెదకుకొనుటకు అవియే ఆధారము. వారు ఉగాదిని మరువలేదు. అది నేడు ఆ దేశమున ప్రభుత్వ సెలవుదినము.

కావున, కరువున ఓడనెక్కిపోయిన పెద్దల కథ ఏ యింటనైన మిగిలియున్నచో, దానిని ఈ గ్రంథాలయమున వ్రాయించి యుంచుడు. ఆ చిట్టా పట్టుకొని యెవరైన ఈ యూరు వచ్చిననాడు, వారికి ఇచట నొక పుట దొరకవలెను.